బెల్టు అరిస్తే ఎవరి పని?

ఎండాకాలం మధ్యాహ్నం హిందూపురం నుంచి పెనుకొండ వచ్చి, అక్కడ హైవే ఎక్కి ధర్మవరం వైపు సాగే కార్లలో ఏసీ లేకుండా కూర్చోవడం కష్టం. ఆ ఏసీ బటన్ నొక్కగానే కొన్ని కార్ల బానెట్ కింది నుంచి కీచుమని అరుపు లేస్తుంది. ఒక్కోసారి రెండు క్షణాల్లో ఆగిపోతుంది, ఒక్కోసారి ఇంజన్ స్పీడుతో పాటే పెరుగుతూ పోతుంది. ఈ అరుపుకు మన ఊళ్లలో మూడు దుకాణాల్లో మూడు జవాబులు దొరుకుతాయి. మోటారు మెకానిక్ బెల్టు మార్చాలంటాడు. ఏసీ మెకానిక్ గ్యాస్ చూడాలంటాడు, కాకపోతే కంప్రెసర్ పోయిందంటాడు. ఆటో ఎలక్ట్రీషియన్ క్లచ్ కాయిల్ వైపో ఆల్టర్నేటర్ వైపో చూస్తాడు. ముగ్గురూ పని తెలిసినవాళ్లే, ముగ్గురి మాటా అప్పుడప్పుడు నిజమవుతుంది. అయినా ఒక్క శబ్దానికి మూడు దుకాణాలు ఎక్కాల్సి రావడం వెనక ఒక చరిత్ర ఉంది. ఈ అరుపును పట్టే విద్య కారు ఏసీ కన్నా చాలా పాతది. మిల్లుల్లో, ఇంజన్ షెడ్లలో అది ఒకే మనిషి దగ్గర ఉండేది. కారు ఏసీ వచ్చాక ఆ పని మూడుగా చీలింది. కారణం తేల్చకుండానే సామాను మార్చే అలవాటు ఆ చీలిక నుంచి వచ్చిందని నా వాదన.

ముందు ఆ అరుపేమిటో చూడాలి. ఇంజన్ ముందు భాగంలో క్రాంక్ పుల్లీ తిరుగుతుంటే, దాని మీద బిగిసి ఉన్న బెల్టు మిగతా పుల్లీలను లాక్కుపోతుంది. బెల్టు పట్టు మూడింటి మీద ఆధారపడుతుంది: రబ్బరుకూ లోహానికీ మధ్య ఘర్షణ, పుల్లీ చుట్టూ బెల్టు ఎంతమేర చుట్టుకుంది, ఎంత బిగువుగా ఉంది అన్నది. పద్దెనిమిదో శతాబ్దపు గణితవేత్త ఆయిలర్ ఈ లెక్క తేల్చాడు. ఘర్షణ గుణకం 0.5 అనుకుంటే, పుల్లీని సగం చుట్టిన బెల్టుకు ఒకవైపు బిగువు రెండోవైపు కన్నా దాదాపు 4.8 రెట్లు పెరిగేదాకా జారుడు రాదు. పావు చుట్టు మాత్రమే పడితే 2.2 రెట్ల దగ్గరే జారిపోతుంది. కాబట్టి బెల్టు జారడానికి దారులు మూడే. ఘర్షణ తగ్గాలి, చుట్టు గాని బిగువు గాని తగ్గాలి, లేదంటే అవతల లాగాల్సిన బరువు పెరగాలి. అరుపు బెల్టు దగ్గర వినిపిస్తుంది కనుక మన చూపు మొదటి దాని మీదే ఆగిపోతుంది. మూడోదాన్ని మర్చిపోతాం. ఏసీ విషయంలో అసలు అనుమానించాల్సింది ఆ మూడోదాన్నే, ఎందుకంటే బటన్ నొక్కగానే మారేది బరువు ఒక్కటే.

ప్రపంచంలో కారుకు ఏసీ పెట్టిన తొలి కంపెనీల్లో అమెరికాలోని ప్యాకార్డ్ ముఖ్యమైంది. 1940 మోడల్‌కు అది ఏసీ అమర్చి అమ్మింది. ఆ కంప్రెసర్‌కు క్లచ్ లేదు. ఇంజన్ తిరిగినంతసేపూ కంప్రెసర్ తిరగాల్సిందే. చలికాలంలో అక్కర్లేదనుకుంటే కారు ఆపి, బానెట్ ఎత్తి, బెల్టు ఊడదీయాలి. అప్పట్లో ఇది పెద్ద ఇబ్బందే. కానీ ఆ ఇబ్బందే ఈనాడు నిర్ధారణకు ఉత్తమ పద్ధతిగా మిగిలింది. శబ్దం ఎక్కడిదో తేలకపోతే బెల్టు తీసేసి ఇంజన్‌ను కొద్ది క్షణాలు నడపాలి. శబ్దం ఆగితే అది బెల్టుదో, బెల్టు తిప్పే సామానుదో. ఆపైన ఒక్కో పుల్లీని చేత్తో తిప్పి చూస్తే, ఎండిపోయిన బేరింగు వేళ్లకు గరగరమని తెలిసిపోతుంది. ఆ తర్వాత వచ్చిన విద్యుదయస్కాంత క్లచ్ ఈ పని కొంత తేలిక చేసింది. ఏసీ ఆపినప్పుడు పుల్లీ బేరింగు మీద ఊరికే తిరుగుతుంది. ఏసీ వేయగానే ముందు పలక టక్‌మని అతుక్కుని లోపలి షాఫ్టును తిప్పుతుంది. ఏసీ ఆపినా వేసినా ఒకేలా వినిపించే గోల కంప్రెసర్ లోపలిది కాదని, పుల్లీ బేరింగుదో పక్కన బెల్టుకు దారి చూపే ఐడ్లర్ పుల్లీదో అయి ఉంటుందని ఈ ఏర్పాటే చెబుతుంది.

ఇక్కడే మన ప్రాంతపు చరిత్ర మొదలవుతుంది. ఉమ్మడి అనంతపురం జిల్లాది వేరుశనగ బతుకు. నూనె మిల్లులు, కాయలు ఒలిచే యంత్రాలు, బావుల మీద ఆయిల్ ఇంజన్లు ఈ సీమకు కారు ఏసీ కన్నా ముందు వచ్చాయి. పాత మిల్లులో ఒక ఇంజన్ పొడవాటి షాఫ్టును తిప్పేది. ఆ షాఫ్టు నుంచి చదును బెల్టులు ఒక్కో యంత్రానికి దిగేవి. ప్రతి యంత్రం దగ్గర రెండు పుల్లీలు పక్కపక్కన ఉండేవి, ఒకటి యంత్రపు షాఫ్టుకు బిగించింది, రెండోది ఊరికే తిరిగే లూజు పుల్లీ. పని ఆపాలంటే కొయ్య ఫోర్కుతో బెల్టును లూజు పుల్లీ మీదికి నెట్టేవారు. ఇంజన్ ఆగేది కాదు, యంత్రం ఆగేది. కారు ఏసీ క్లచ్ చేసే పని సరిగ్గా ఇదే. అందుకే మిల్లు ఇంజన్ నడిపే డ్రైవర్ వాడిన తర్కం కూడా ఇదే. లూజు పుల్లీ మీదికి నెట్టినా గోల పోలేదంటే ఆ పుల్లీ బుష్‌కు నూనె లేదు. బిగించిన పుల్లీ మీదికి రాగానే బెల్టు అరిచిందంటే యంత్రంలో ఏదో బిగుసుకుంది. గానుగలో పిండి గట్టిపడిందా, బేరింగు వేడెక్కిందా అని అతను లోపలికి చూసేవాడు. బెల్టు ఎక్కడ అరిచినా ఇంజనూ అతనిదే, షాఫ్టూ అతనిదే, అవతలి యంత్రమూ అతనిదే. ఇది నా దుకాణం పని కాదనే మాటకు అక్కడ చోటు లేదు.

ధర్మవరం ఈ విషయంలో ఇంకో పాఠం చూపిస్తుంది. ఆ ఊరిని పట్టుచీరల ఊరని అందరూ అంటారు, మగ్గం శబ్దం గురించీ చెబుతారు. మగ్గానికి ముందు జరిగే పనిని పట్టించుకునేవాళ్లు తక్కువ. పట్టు దారానికి మెలి వేసే ట్విస్టింగ్ యంత్రంలో ఒకే పొడవాటి బెల్టు వరస కదుళ్లన్నిటినీ ఒరుసుకుంటూ పోయి తిప్పుతుంది. ఆ బెల్టు కొంచెం వదులైనా కదుళ్ల వేగం తగ్గుతుంది, అంగుళానికి పడాల్సిన మెలికలు తగ్గుతాయి, దారం పాడవుతుంది. అక్కడ బెల్టు జారుడు చెవికి ఇబ్బంది మాత్రమే కాదు, నేరుగా సరుకు నష్టం. ఒక్క బెల్టు మీద చాలా పుల్లీలు ఆధారపడినప్పుడు ఎక్కడో ఒక కదురు బిగుసుకుంటే దాని ప్రభావం బెల్టు మొత్తం మీద పడుతుందన్న సంగతి ఈ పని చేసేవాళ్లకు అనుభవంలోది. ఈనాటి కార్లలో ఆల్టర్నేటర్‌ను, వాటర్ పంపును, ఏసీ కంప్రెసర్‌ను కలిపి తిప్పే ఒంటి బెల్టు స్వభావమూ అదే.

ఇక ధర్మవరం జంక్షన్ ఉంది. బెంగళూరు లైనూ పాకాల లైనూ కలిసే ఈ స్టేషన్లో ఆగిన ఐసీఎఫ్ అనే పాతరకం బోగీల అడుగున ఒక చిత్రమైన ఏర్పాటు కనిపించేది. బోగీ ఇరుసు నుంచి బెల్టుల ద్వారా ఆల్టర్నేటర్ తిరిగి, ఆ కరెంటుతోనే లైట్లు, ఫ్యాన్లు నడిచేవి. ఏసీ బోగీల్లో చల్లదనం కూడా ఆ బెల్టుల మీద ఆధారపడిందే. బెల్టు వదులైతే బ్యాటరీ చార్జ్ కాదు, బోగీ చల్లబడదు. అందుకే బండి కింద తనిఖీ చేసేవాళ్ల పనుల్లో బెల్టు బిగువు చూడటం ఒకటి. ఎల్‌హెచ్‌బీ అనే కొత్తరకం బోగీలు వచ్చాక కరెంటు పవర్ కారు నుంచో ఇంజన్ నుంచో రావడం మొదలై ఈ బెల్టులు కనుమరుగవుతూ వచ్చాయి. చల్లదనం కావాలంటే తిరిగే ఇరుసు నుంచి కొంత బలం తీసుకోవాలి, అలా తీసుకున్న బలానికి బెల్టే సాక్షి. ఈ సంగతి ఈ మూడు ఊళ్లకు కారు ఏసీ కన్నా ముందే ఎదురైంది.

దీనికి ఒక న్యాయమైన అభ్యంతరం ఉంది. మిల్లు డ్రైవర్ చెవి విద్య కార్ల షెడ్డులోకి వచ్చిందనడానికి కాగితం మీద సాక్ష్యం ఎక్కడ అని అడగవచ్చు. అటువంటి పనివాళ్లు పుస్తకాలు రాయలేదు, నిజమే. అందుకే నేను వంశవృక్షం గీయడం లేదు. ఫలానా మిల్లు మనిషి ఫలానా మెకానిక్‌కు నేర్పాడని అనడం లేదు. యంత్రాల అమరికే నా సాక్ష్యం. లూజు పుల్లీకీ ఏసీ క్లచ్‌కూ, మెలి యంత్రపు బెల్టుకూ కారు ఒంటి బెల్టుకూ ఉన్న పోలిక పైపైది కాదు. శబ్దాన్ని విడగొట్టి చూసే పద్ధతి రెండు చోట్లా ఒక్కటే కావడానికి అదే కారణం. పైగా అలవాట్లు కూడా సాక్ష్యం చెబుతాయి. చదును బెల్టు జారితే గుగ్గిలం పొడి చల్లడం పాత చిట్కా. ఈనాడు అరిచే బెల్టు మీద డబ్బా స్ప్రే కొట్టడం అదే చిట్కాకు వారసత్వం. రెండూ చేసే హాని ఒకటే: కాసేపు అరుపు ఆపి, పైన జిగురు పొర పేర్చి, అసలు కారణాన్ని దాచేస్తాయి. మంచి పనివాడు అప్పుడూ గుగ్గిలాన్ని చివరి దారిగానే చూశాడు.

చీలిక ఎప్పుడు వచ్చిందంటే, కారు ఇంజన్ మీద ఏసీ అతిథిలా వచ్చి కూర్చున్నప్పుడు. అంబాసిడర్, ప్రీమియర్ పద్మిని కార్లలో మెకానిక్‌కు తెలిసింది ఫ్యాన్ బెల్టు ఒక్కటే. వాటర్ పంపునూ ఫ్యాన్‌నూ డైనమో లేదా ఆల్టర్నేటర్‌నూ అది తిప్పేది. ఏసీ కావాలనుకున్నవాళ్లు నగరంలో బయటి కిట్టు పెట్టించుకునేవారు. ఇంజన్ పక్కన బ్రాకెట్ బిగించి, దానికి కంప్రెసర్, దానికో అదనపు బెల్టు. బ్రాకెట్ కొద్దిగా వంకరైతే పుల్లీలు ఒకే గీతలో ఉండవు, బెల్టు పక్కకు రాసుకుని కిచకిచమంటుంది. 1983 డిసెంబర్‌లో మారుతి 800 వచ్చింది. 1985లో సుజుకి, డెన్సో భాగస్వామ్యంతో సుబ్రోస్ కంపెనీ ఏర్పడి, కారు ఏసీలు దేశంలోనే తయారవడం పెరిగింది. మారుతి 800లోని 796 సీసీ, నలభై గుర్రాల లోపు బలమున్న ఇంజన్ మీద మూడు నాలుగు గుర్రాల బరువు పడితే ఆ తేడా డ్రైవర్‌కూ తెలిసేది, బెల్టుకూ తెలిసేది. ఇంజన్ మెకానిక్‌కు గ్యాస్ సామాను లేదు. గ్యాస్ నింపేవాడు ఫ్రిజ్ పని నుంచి వచ్చినవాడు, ఇంజన్ జోలికి పోడు. ఐటీఐల్లో కూడా మోటార్ వెహికల్ మెకానిక్ వేరే ట్రేడు, రిఫ్రిజిరేషన్, ఏసీ మెకానిక్ వేరే ట్రేడు, ఎలక్ట్రీషియన్ ఇంకో ట్రేడు. బెల్టు అరుపు ఈ మూడింటి పొలిమేరలో పడింది. పొలిమేరలో పడ్డదాన్ని పక్కవాడిదనడం తేలిక.

దీని ఫలితాన్ని ఒక్క ఉదాహరణలో దగ్గరగా చూడవచ్చు. ఏప్రిల్ నెల, బయట నలభై దాటిన ఎండ, కారు ముందు జాలీలో ఎర్రమట్టి దుమ్ము, పురుగులు, ఎండుగడ్డి పోచలు పేరుకున్నాయి. దాని వెనక, గ్యాస్ వేడిని బయటికి వదిలే కండెన్సర్‌కు గాలి అందదు. ఏసీలో తిరిగే ఆర్-134ఎ గ్యాస్ 50 డిగ్రీల దగ్గర ద్రవమైతే, ఎక్కువ ఒత్తిడి వైపు కొలిచే ఎర్ర గేజీ మీద దాదాపు 180 పీఎస్‌ఐ చూపుతుంది. వేడి పోయే దారి లేక అదే 65 డిగ్రీల దగ్గర ద్రవం కావాల్సి వస్తే 260 దాకా ఎక్కుతుంది. కంప్రెసర్ అంత ఒత్తిడికి ఎదురు తోయాలి, షాఫ్టు బరువెక్కుతుంది, బెల్టు జారి అరుస్తుంది. కండెన్సర్ ఫ్యాన్ తిరగకపోయినా ఇదే జరుగుతుంది. ఆ ఫ్యాన్ ఫ్యూజు ఎలక్ట్రీషియన్ ఇలాకా. అవసరానికి మించి గ్యాస్ నింపినా ఇదే జరుగుతుంది, అది ఏసీ మెకానిక్ చేతి తప్పు. ఇన్ని దారుల్లో ఒక్కటి కూడా బెల్టుకు చెందలేదు, అయినా మారేది బెల్టే. గ్యాస్ మారడం కూడా ఈ బరువును పెంచింది. ఓజోన్ పొరను కాపాడేందుకు 1987లో కుదిరిన మాంట్రియల్ ఒప్పందంలో భారతదేశం 1992లో చేరింది. ఆ తర్వాత పాత గ్యాస్ ఆర్-12 మెల్లగా పోయి ఆర్-134ఎ వచ్చింది. 60 డిగ్రీల దగ్గర కొత్త గ్యాస్ ఒత్తిడి పాతదాని కన్నా సుమారు పదో వంతు ఎక్కువ. పాత కండెన్సర్‌నే ఉంచి కొత్త గ్యాస్ నింపిన కార్లలో ఎండాకాలం బెల్టు మీద భారం పెరగడానికి ఈ తేడా చాలు. వాతావరణం గురించి ఎక్కడో జరిగిన ఒప్పందం హిందూపురంలో ఒక పాత కారు బెల్టుదాకా ఇలా వచ్చింది.

ఇక్కడ రెండో అభ్యంతరం వినిపిస్తుంది, ఇది బలమైనదే. బెల్టు మారిస్తే అరుపు ఆగుతోంది కదా, మరి తప్పు బెల్టుదే కాదా? ఆగుతుంది, కొంతకాలం. కొత్త రబ్బరు పట్టు ఎక్కువ, కాబట్టి పెరిగిన బరువును కూడా మోస్తుంది. నున్నబడేసరికి పాత కథ మొదటికొస్తుంది. అంటే మార్చడం వల్ల వాయిదా దొరికింది, కారణం దొరకలేదు. నిజంగా బెల్టు అరిగి, పక్కలు గాజులా మెరుస్తుంటే మార్చాల్సిందే, అందులో వాదం లేదు. తేల్చుకోవడానికి ఖర్చులేని పరీక్ష ఉంది. ఇంజన్ నడుస్తుండగా, చేతులూ చొక్కా అంచులూ పుల్లీలకు దూరంగా ఉంచి, బెల్టు గాళ్ల వైపు కాసిని నీళ్లు చిమ్మాలి. అరుపు కాసేపు ఆగి మళ్లీ వస్తే పుల్లీలు ఒకే గీతలో లేవు. నీళ్లు తగలగానే అరుపు ఇంకా పెరిగితే బెల్టు జారుతోంది, బిగువునో బరువునో చూడాలి. అసలు ఆ శబ్దం ఇంజన్ స్పీడుతో కాకుండా డాష్‌బోర్డు మీది ఫ్యాన్ స్విచ్‌తో మారుతుంటే ఈ చర్చంతా అనవసరం. అది లోపలి బ్లోయర్ మోటార్ గోల, బానెట్ ఎత్తాల్సిన పనే లేదు.

పెనుకొండ కథ 2017లో మలుపు తిరిగింది. ఆ ఏడాది ఏప్రిల్ 27న కియా సంస్థ రాష్ట్ర ప్రభుత్వంతో ఒప్పందం చేసుకుంది. పెనుకొండ మండలం ఎర్రమంచి దగ్గర సుమారు 536 ఎకరాల్లో, 110 కోట్ల డాలర్ల పెట్టుబడితో, ఏటా 3 లక్షల కార్లు చేయగల కర్మాగారం లేచింది. 2019 జనవరి 29న ప్రయోగాత్మక ఉత్పత్తి మొదలైంది, ఆగస్టులో సెల్టోస్ బయటికి వచ్చింది. గొల్లపల్లి రిజర్వాయర్ నీళ్లు దానికి ఆధారం. ఒకప్పుడు విజయనగర రాజులకు రాజధానిగా ఉన్న కొండ కింద, వానలు కరవైన నేల మీద, దేశమంతా తిరిగే కార్లు తయారవుతున్నాయి. ఈ కార్లలో ఏసీ అతిథి కాదు, పుట్టుకతోనే ఇంజన్‌లో భాగం. 115 గుర్రాల ఇంజన్‌కు కంప్రెసర్ బరువు పెద్ద లెక్క కాదు. ఈ తరం కార్ల గాళ్ల బెల్టులకు వాడే ఈపీడీఎమ్ రబ్బరు పాత నియోప్రీన్‌లా పగుళ్లు చూపదు, మెల్లగా అరిగి గాళ్లు లోతవుతాయి. కంటికి కొత్తగానే కనిపించే బెల్టు కూడా పట్టు తప్పి ఉండవచ్చు. కళ్లతో చూసి బెల్టు బాగుందని తేల్చే పాత అలవాటు ఇక్కడ పనికిరాదు. దానంతటదే బిగించే టెన్షనర్ స్ప్రింగు అలిసిపోతే బెల్టు ఎంత కొత్తదైనా అరుస్తుంది.

ఇంత నాణ్యమైన కార్లు, కంప్యూటర్ పెట్టి చదివే స్కానర్లు ఉన్న కాలంలో ఈ పాత విద్య ఎందుకని అడిగేవాళ్లున్నారు. స్కానర్‌ను నేను తక్కువ చేయను. ఏసీ పైపు మీది ప్రెషర్ సెన్సర్ ఎంత ఒత్తిడి చూపుతోందో గేజీలు తగిలించకుండానే అది చెబుతుంది, అంటే బరువు నుంచి వెతకడం మొదలుపెట్టమన్న పాత పద్ధతికి అది తోడు నిలుస్తుంది. కానీ ఐడ్లర్ బేరింగుకు సెన్సర్ లేదు. పుల్లీ వంకరను ఏ కోడూ చూపదు. ఒక వస్తువు మీద మరొకటి మోపిన భారాన్ని తెరమీది అంకెలు వేర్వేరు గళ్లలో చూపిస్తాయి, వాటిని కలిపి చదవాల్సింది మనిషే. కంపెనీ సర్వీస్ సెంటర్లో ముగ్గురు నిపుణులూ ఒకే కప్పు కింద ఉంటారు, కాబట్టి చీలిక నష్టం అక్కడ తక్కువ. వారంటీ దాటిన కారు మాత్రం ఊళ్లోని షెడ్డుకే వస్తుంది. 2019లో ఇక్కడే తయారైన కార్లు ఇప్పుడు ఆ దశకు చేరుతున్నాయి. వాటిని చూడాల్సిన షెడ్లలో మోటారు పని, ఏసీ పని, కరెంటు పని ఇంకా వేర్వేరు చోట్లే ఉన్నాయి.

ఎలక్ట్రిక్ కార్లు వస్తే బెల్టే ఉండదు కదా, ఈ గొడవంతా దానంతటదే తీరిపోతుందన్నది చివరి వాదన. కియా దేశంలోనే తయారుచేసిన తన తొలి ఎలక్ట్రిక్ కారు కారెన్స్ క్లావిస్ ఈవీని 2025 జూలైలో విడుదల చేసింది. బ్యాటరీ కార్లలో కంప్రెసర్‌ను సొంత మోటారే తిప్పుతుంది. కొత్త రైలు బోగీల్లో బెల్టు పోయినట్టే ఇక్కడా పోయింది, కీచుమనే ఆ ప్రత్యేకమైన అరుపు వీటిలో వినపడదు. కానీ బరువు పోలేదు. ద్రవంతో చల్లబరిచే బ్యాటరీ ఉన్న కారులో కంప్రెసర్ కూర్చున్న మనుషులతో పాటు బ్యాటరీనీ చల్లబరచాలి, ఎండలో ఫాస్ట్ చార్జింగ్ పెట్టినప్పుడు కారు కదలకపోయినా గట్టిగా పనిచేయాలి. కండెన్సర్‌కు దుమ్ము అడ్డుపడితే ఒత్తిడి అలాగే పెరుగుతుంది, ఫ్యాన్ అలాగే రొద పెడుతుంది. ఇంజన్ చప్పుడు లేని కారులో ఏ చిన్న గోలైనా ఇంకా స్పష్టంగా వినిపిస్తుంది. ఆ కంప్రెసర్‌కు వెళ్లే నారింజ రంగు కేబుళ్లలో వందల వోల్టుల కరెంటు ఉంటుంది. శిక్షణ లేని చెయ్యి దాన్ని ముట్టుకోకూడదు. అందులో నూనె కూడా వేరే రకం. మామూలు కార్ల ఏసీలకు వాడే నూనె కలిస్తే మోటారు ఇన్సులేషన్ దెబ్బతింటుంది. కాబట్టి గ్యాస్, కరెంటు, యంత్రం మూడూ తెలిసిన ఒక్క మనిషి కావాలి. హిందూపురం, ధర్మవరం ఐటీఐల్లో చేరే పిల్లవాడికి ఆ మూడూ కలిపి నేర్పే ఒక ట్రేడు పెట్టాలి. కియా కర్మాగారం వాళ్ల జిల్లాలోనే ఉంది, పనిముట్లూ పాడైన సామానూ పాఠం చెప్పడానికి దగ్గర్లోనే దొరుకుతాయి.